గోనెసంచిలో పదకొండు నవలలు

మనాహిమ్ చేసిన పనిని హిజ్కియో చచ్చేదాకా మర్చిపోడు. పోనీలే మర్చిపో అన్నవాళ్లకి గడ్డం గీసేటప్పుడు కత్తి కాస్త గట్టిగానే ఆనించేవాడు.

బుఖారా యూదుల పేటలో హిజ్కియో మంగలి. ఐదో తరగతితో చదువు చాలించినవాడే గాని, గిరాకీ లేని మధ్యాహ్నాల్లో కూర్చుని ముప్ఫై ఏళ్లలో పదకొండు నవలలు రాశాడు. అన్నీ తనవాళ్ల పాత కథలే. యూదులకి పట్కా అనే నడికట్టు కట్టే హక్కు లేక నడుముకి తాడు చుట్టుకుని తిరిగిన వర్తకులు, ఊరినేలిన అమీరు గుర్రాలకి కషాయం కాచిన ముసలమ్మ, మోచేతుల దాకా నీలం దిగిపోయిన అద్దకపువాళ్లు. మాట ఇంట్లో మాట్లాడే తజిక్ మాటే, అక్షరాలు మాత్రం తాత నేర్పిన హీబ్రూ అక్షరాలు. ఆ అక్షరాలతో అచ్చువేసే ప్రెస్సుని సర్కారు ఎన్నడో మూయించింది. అందుకని ఉన్నది ఒక్క చేతిరాత ప్రతి. చదివిన మనిషి కూడా ఒక్కతే, భార్య బూలోర్. ఆమె పోయి ఏడాది.

ఆమె పోయాక నవలల్లోని జనం దుకాణానికే రావడం మొదలుపెట్టారు. మల్బరీ చెట్టు నీడ అద్దంలో కదిలేది. కుర్చీలో కూర్చున్నది పక్కవీధి కసాయే అయినా, కుర్చీ చేతులమీద రెండు నీలం చేతులు కనిపించేవి. హిజ్కియో ఉలిక్కిపడేవాడు కాదు. సబ్బు నురగ ఇంకాస్త నెమ్మదిగా పూసేవాడు, అంతే.

పస్కా పండక్కి ముందు అతను చుట్టాల పెళ్లికని సమర్‌కంద్ వెళ్లాడు. ఇల్లు దులపడానికి మరదలు వచ్చింది. అదే వారం ప్రార్థనామందిరం చూసుకునే మనాహిమ్ గోనెసంచులతో ఇంటింటికీ తిరుగుతున్నాడు. చిరిగిన ప్రార్థన పుస్తకాల్ని వీళ్లు తగలబెట్టరు, పారెయ్యరు. దేవుడి పేరున్న కాగితాన్ని మనిషిని పూడ్చినట్టే శ్మశానంలో పూడుస్తారు. మరదలు నవలలున్న పెట్టె తెరిచి చూపించింది. మనాహిమ్‌కి ప్రార్థనలు నోటికొచ్చుగాని చదవడం అంతంత మాత్రం. ఆ అక్షరాల్లో ఏది కనిపించినా అతనికి ప్రార్థనే. నోటుపుస్తకాల్ని ఒక్కొక్కటే ముద్దుపెట్టుకుని సంచిలో పేర్చాడట. వాటితోనే సంచి నిండిందట.

నాలుగో రోజు ఇంటికొచ్చిన హిజ్కియోకి ఖాళీ పెట్టె కనిపించింది. పరుగున మనాహిమ్ దగ్గరికి పోయి, ఎక్కడ పూడ్చావని అడిగాడు.

"నీ చోట్లోనే అన్నా, బూలోర్ వదిన పక్కన. మిగతా నేలంతా రాయి, అక్కడొక్కటే మెత్తగా ఉంది. అయినా నీకేం తొందర? గుర్రంలా ఉన్నావు."

భార్య పోయినప్పుడు తన కోసం కూడా కొనుక్కున్న చోటది. హిజ్కియో గోడకి ఆనించిన పార అందుకున్నాడు. మనాహిమ్ వెంటపడి, శ్మశానం గేటు దగ్గర కాళ్లు పట్టేసుకుని, పేటకి మతగురువైన ముల్లో షిమూన్ గారికి కబురంపాడు. ఎనభై ఏళ్ల పెద్దాయన కర్ర పొడుచుకుంటూ వచ్చి ఇద్దరి మాటా విన్నాడు. పూడ్చిన సంచి పూడ్చిన మనిషితో సమానం, విప్పకూడదు అన్నాడు. అయితే అందులో ఉన్నవి వట్టి కథలే అయితే పూడ్చడమే పొరపాటు, తీసుకోవచ్చట.

"ఒక్క మాట చెప్పు నాయనా. దేవుడి పేరు ఎక్కడైనా పూర్తిగా రాశావా?"

అడిగి, ముల్లో మొహం పక్కకి తిప్పుకుని పిచ్చుకల్ని చూస్తూ నిలబడ్డాడు. ఆయన వెనకనుంచి మనాహిమ్, లేదను లేదను అని తల అడ్డంగా ఊపుతున్నాడు.

బూలోర్ సమాధి మీద ఎండ పలచగా పరుచుకుని ఉంది. పక్కనే కొత్తమట్టి. ఆ మట్టిమీద గొంతుక్కూర్చుని ఉన్నాడు ఏడో నవలలోని అద్దకపువాడు ఎల్నాతాన్. అమీరు కత్తికి భయపడి మతం మారి, నలభై ఏళ్లు పొరుగువాళ్ల ముందు నేను యూదుణ్ణి కాదంటూ బతికినవాడు. చివరి పేజీలో నీలిమందు తొట్టిలోకి తల వంచి, దేవుణ్ణి ఆ పేరుతో ఒక్కసారి పిలిచాడు. పూర్తిగా రాస్తే ఆ కాగితమే పవిత్రమైపోతుందని, ఎవరైనా ఒక అక్షరం విరిచి రాసే పేరు అది. హిజ్కియోకి విరవబుద్ధి కాలేదు. ఇప్పుడు ఎల్నాతాన్ ఏమీ అడగడం లేదు. చేతులు ఒళ్లో పెట్టుకుని చూస్తున్నాడు. మట్టికింద ఎవరో పేజీలు తిప్పుతున్నట్టుంది. బూలోర్‌కి వేలు తడిచేసుకుని తిప్పే అలవాటు.

"రాశాను," అన్నాడు హిజ్కియో. "ఏడో దాంట్లో. ఒక్కసారి."

"ఒక్కసారి చాలు," అన్నాడు ముల్లో నెమ్మదిగా. ఏడోది ఉంచి తక్కినవి ఇమ్మని హిజ్కియో అడిగితే, సంచి విప్పకుండా ఏడోదాన్ని ఎలా విడదీస్తాం అన్నాడు.

ముల్లో వెళ్లిపోయాక మనాహిమ్ గొణిగాడు. "లేదంటే పోయేది కదన్నా."

"నలభై ఏళ్లు వాడు లేదు లేదంటూనే బతికాడురా గాడిదా. మళ్లీ నా నోటితో కూడానా?"

పార మనాహిమ్ చేతిలో పెట్టి హిజ్కియో నడిచాడు. ఆ చోట ఇక మనిషిని పెట్టరు. అతనికి గోడవార, చెత్త పోసే మూల ఇంకో చోటు రాసిచ్చారు. పోయిన చోటు బూలోర్‌కి కుడిపక్కన, పొడవు ఆరున్నర అడుగులు, వెడల్పు మూడడుగులు.