సంతకొచ్చిన టేకు

స్వర్ణ ఎమ్మెస్సీ జువాలజీ. పరిశోధన కోసం రెండేళ్లుగా తెల్లారకముందే విశాఖ ఫిషింగ్ హార్బరుకు పోయి బుట్టలు గాలిస్తోంది. ఆమె వెతికేది ఒక రకం టేకు చేప, రెక్కలు చాచి గద్దలా ఈదేది. దాన్ని చూసి రాసినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. "నిండు చేప తే, ముక్కలొద్దు" అన్నారు గైడు.

వెతకబోయిన తీగ కాలికి తగిలింది. వేలంలో పోని చిన్న చేపల్ని ఉప్పులో ఎండబెట్టి కొండ సంతలకు పంపేస్తారని ఏ పుస్తకం చెప్పింది గనక! అక్కను చూద్దామని ఊరికొచ్చిన స్వర్ణ, అరకు సంత నుంచి తల్లి సోములమ్మ తెచ్చిన గోనె విప్పితే, తోకతో సహా అదే.

"అమ్మా, ఈ టేకు నాకిచ్చీవే."

"ఏటే! అక్కకి పాలు పడ్డం లేదని రెండు తెచ్చినాను. సిన్నది నిన్న పులుసెట్టితే కూసిన్ని పడ్డాయి. ఇది ఇయ్యేల్టికి."

అక్క కనక పది రోజుల బాలింత. లోపల పసిగుంట ఏడ్చి ఏడ్చి గొంతు బొంగురుపోయింది. స్వర్ణకు జాలేసింది. అయినా చేప మీద చెయ్యి తియ్యలేదు. నోటికొచ్చింది అనేసింది.

"ఇది విషం టేకమ్మా. బాలింత తినకూడదు. మా పుస్తకాల్లో ఉంది."

ఊళ్లో అంత చదువు చదివింది ఆమె ఒక్కతే. సోములమ్మ మారుమాట్లాడకుండా చేతులు వెనక్కి తీసుకుంది. ఆ నమ్మకం చూసి స్వర్ణకు సిగ్గేసింది గానీ, వెంటనే చేపను గుడ్డలో చుట్టుకుని బస్సెక్కేసింది.

చేపను చూసి, రిటైరు కాబోతున్న గైడు ఆ వయసులోనూ ఎగిరి గంతేశారు. మూడో రోజు స్వర్ణ ఇంటికి ఫోన్ చేసింది.

"అక్కకి పాలు పడతన్నాయా?"

"పడకేం! పిండి పారబోత్తంది."

"పారబొయ్యడమేటి?"

"నువ్వే కదే విషమన్నావు! అలాటిదే ఒకటి తినీసింది కదా. ఆ పాలు గుంటకెలగ పట్టీది? గంజినీల్లు పోత్తన్నాం. పొద్దుట్నించి కల్లు తెరవడం లేదు. నువ్వు సెప్పబట్టి సరిపోయింది గానీ, మా సేతుల్తో మేమే సంపుకుందుం."

స్వర్ణ ఫోన్లోనే అరిచింది. "అమ్మా, అది అబద్ధం! చేప కోసం అన్నాను. బేగి అక్క పాలు పట్టండి. ఆస్పత్రికి తీసుకెల్లండి!"

సోములమ్మ బుజ్జగించింది.

"ఊరుకో తల్లీ. మా బాద సూళ్లేక అలగంతన్నావు. అంత సదువుకున్నదానివి, అబద్దమాడతావేటి?"