కుడికి రెండు వేలు, పైకి తొమ్మిది వందలు

సుహాసిని పొద్దున్నే చాయ్ తాగి గ్రాఫు కాగితం ముందేసుకుని కూర్చుంటుంది. మగ్గాల వాళ్లకు చీరల డిజైన్లు గీసివ్వడం ఆమె పని. ఒక చిలుకను గీసి, అంచు పొడవునా అదే చిలుకను పదేసి గడులు జరుపుకుంటూ పోవాలి. ఒక్క చుక్క తప్పినా ముక్కు వంకరపోతుంది.

ఊళ్లోని దేనికైనా ఆ కాగితం మీద చుక్కలు పెట్టి జరిపితే, ఊళ్లో అది కూడా నిజంగానే అంత దూరం పక్కకు జరిగేది. ఊరికిది అలవాటే. గడ్డివాము రెండడుగులు పక్కకు కావాలన్నా ఆమె దగ్గరికే వచ్చేవాళ్లు. పక్కింటి గుర్వయ్య తొందరపెట్టడం వల్ల ఆయన కొట్టానికి మాత్రం ఒక మూల జరపడం మరిచిపోయింది. ఆయన బర్రె ఇప్పటికీ పక్కకు ఒరిగి లోపలికి పోతుంది.

కొత్త రిజర్వాయరు కింద ఊరు మునుగుతుందని, గుట్ట మీది కాలనీలో చిట్టీలు తీసి ప్లాట్లు ఇస్తారని తెలిసినప్పుడు అందరికంటే ఎక్కువ బెంగపడింది సుహాసిని అత్త గోపమ్మ. ఆమెకు చూపు పోయి పదేళ్లయింది. అయినా రోజూ వాకిట్లోంచి ఎడమకు తొమ్మిది అడుగులు నడిచి, కుడికి తిరిగి, ఎవరి చెయ్యీ పట్టుకోకుండా స్నేహితురాలు అమృతమ్మ అరుగు చేరుకునేది. అడుగులు లెక్కపెట్టుకుంటుందని అందరూ మెచ్చుకునేవాళ్లు.

"చిట్టీలల్ల అమృత ఇల్లు యాడనో పడితే నేనింక మంచం దిగ" అని తేల్చి చెప్పింది.

సుహాసిని ఊరంతటికీ చుక్కలు పెట్టింది. ప్రతి చుక్కకూ కుడికి రెండు వేల గడులు, పైకి తొమ్మిది వందలు కలిపింది. అందరికీ ఒకే లెక్కయితేనే ఇంటికీ ఇంటికీ మధ్య దూరం మారదు. కాలనీ ఆఫీసరు, గుమ్మాల దిక్కు మారదు కదా అని మాత్రం అడిగి సంతకం పెట్టాడు. భోజనాల వేళకు ఊరు గుట్ట మీదుంది. పొయ్యి మీది పప్పు కూడా ఒలకలేదు.

ఒక్క రాయిని మాత్రం సుహాసిని కావాలనే వదిలేసింది. బాటలో పాతుకుపోయిన ఆ రాయి గోపమ్మ కాలికి రోజూ తగిలేది, ఆమె రోజూ దాన్ని తిట్టేది. ముసలి ప్రాణానికి ఇకనైనా ఆ బాధ తప్పుతుందని కోడలు లోలోపల మురిసిపోయింది.

సాయంత్రం గోపమ్మ బయల్దేరి ఎడమకు నడిచింది. అలా నడుస్తూనే పోయింది. గుట్ట అంచున గుర్వయ్య చూసి పట్టుకోబట్టి సరిపోయింది. ఇంటికి తెచ్చి కూర్చోబెట్టాడు.

"తొమ్మిది అడుగులే కదా అత్తమ్మా, లెక్క తప్పినవా?" అంది సుహాసిని.

"నేనెన్నడు లెక్కవెట్టిన బిడ్డా? కాలుకు రాయి తాకంగనే కుడికి మర్లుత. గా రాయేది?"

సుహాసినికి ఏడుపొచ్చింది. మేలు చేశాననుకుని ముసలామె కళ్లు రెండోసారి తీసేసినంత పని చేసింది. వెంటనే కాగితం పరిచి, రేపో మాపో నీళ్లు రానున్న చోట ఒంటరిగా మిగిలిన ఆ రాయికి చుక్క పెట్టి, దానికీ రెండు వేలు, తొమ్మిది వందలు కలిపింది.

మర్నాడు గోపమ్మ వాకిలి దాటుతుంటే సుహాసిని తలుపు పట్టుకుని చూస్తూ నిలబడింది. గోపమ్మ బొటనవేలు ఠపీమని తగిలింది.

"నీ పాడుగాను, గీడికి గూడ వచ్చినవా?" అని రాయిని తిట్టుకుంటూ ఆమె కుడికి మళ్లి, పోయి అమృతమ్మ అరుగు మీద కూర్చుంది.