గోడ పగలగొట్టేవాడి అక్క

ఆదివారం చర్చి అయిపోగానే మా వీధి ఆడవాళ్ళు ఐసు సంచులు పట్టుకుని బెర్నాడిన్ హ్రుస్కా ఇంటికి బయల్దేరతారు. ఒటిలీ పావ్లిక్ మాత్రం క్యాబేజీ రోల్స్ గిన్నె కూడా తెస్తుంది. టీవీ ఎదురుగా ఉన్న కుర్చీలో బెర్నాడిన్‌ని కూర్చోబెట్టి, చుట్టూ దిండ్లు సర్ది, ఆట మొదలయ్యేదాకా ఊరి కబుర్లు చెప్పుకుంటారు.

బెర్నాడిన్ తమ్ముడు లెన్ పెద్ద జట్టులో ఫుట్‌బాల్ ఆడతాడు, ఒకళ్ళనొకళ్ళు గుద్ది పడేసే అమెరికా ఫుట్‌బాల్. పెద్ద జట్టు అనగానే ఏదో ఊహించుకోకండి. పక్క ఊళ్ళో అడిగితే "ఏ లెన్?" అంటారు. బంతిని తన్నగానే అవతలివైపు నలుగురు దున్నపోతుల్లాంటి మనుషులు చేతులు కలిపి గోడ కడతారు. పరిగెత్తుకుంటూ పోయి ఆ గోడని ఒంటితో పగలగొట్టడం లెన్ పని. పగలగొట్టి బెంచీ మీదికి వచ్చి కూర్చుంటాడు. అంతే వాడి ఆట.

ఆ పని రెండేళ్ళకి మించి చేసినవాడు ఇంకొకడు లేడు. లెన్ ఆరేళ్ళుగా చేస్తున్నాడు. ఎందుకంటే వాడికి తగిలే దెబ్బలు వాడి అక్కకి తగులుతాయి. చిన్నప్పట్నుంచీ అంతే. వాడు మెట్ల మీంచి పడితే ఈమె మోకాలు చీరుకుపోయేది. కొందరికి పడిశం ఎక్కువ, కొందరికి ఇలా. మా ఊళ్ళో దాన్ని ఎవరూ వింతగా చూడరు.

ఒక ఆదివారం టీవీలో లెన్ గోడని గుద్దాడు. ఇక్కడ కుర్చీలో బెర్నాడిన్ తల విసురుగా వెనక్కి వాలింది.

"ఐసు! ఐసు ఇటివ్వండే!" అని అరిచింది ఒటిలీ. "నీ తమ్ముడికి ఇంకో పనే దొరకలేదటే?"

"మిల్లు మూతపడింది కదే. వాడు మాత్రం ఏం చేస్తాడు?" అంది బెర్నాడిన్, పెదవి మీద రక్తం తుడుచుకుంటూ.

ఆట ఉన్న రోజు సాయంత్రం లెన్ ఫోన్ చేసేవాడు. "అక్కా, ఎలా ఉంది?"

"ఏముందిరా, దోమ కుట్టినట్టు."

నమ్మేవాడు. నమ్మితే హాయి కదా వెధవకి!

నవంబరులో బెర్నాడిన్ తన ముందుగదిలోని సెలూన్‌లో ఒటిలీకి ఎడమవైపు జుట్టు కత్తిరించింది. కాఫీ తెస్తానని లోపలికెళ్ళి, తిరిగొచ్చి, "రండి రండి, ఎవరు పంపారు మిమ్మల్ని?" అంది. ఒటిలీ తలకి గుడ్డ కట్టుకుని ఇంటికెళ్ళి, ఆరోజే లెన్‌కి ఫోన్ చేసింది.

సోమవారం జట్టుకి సెలవు. పంది తొడ ఒకటి కాగితంలో చుట్టుకుని లెన్ దిగాడు. అక్క వాణ్ణి మూడుసార్లు నాన్న పేరుతో పిలిచింది. వాడి మొహం పాలిపోయింది.

"మానేస్తానక్కా."

"మానేసి?"

వాడు తల వంచుకున్నాడు. "వచ్చే ఏడాది గోడ పని తప్పించి అసలు ఆటలోకి తీసుకుంటానన్నాడు కోచ్. ఇంకొక్క మూడు ఆటలు..."

"మూడేనా? అయితే ఆడరా. నా ఒళ్ళు గట్టిదే."

అక్కడే ఉన్న ఒటిలీ ఊరుకోలేకపోయింది. "సిగ్గులేదట్రా నీకు? తను ఎన్నడైనా నీకు వద్దని చెప్పిందా? వద్దని నీకు నువ్వే చెప్పుకోవాలిరా!"

లెన్ అక్క నుదురు మీద ముద్దు పెట్టి, టోపీ పట్టుకుని వెళ్ళిపోయాడు. ఆడాడు కూడా. ఒక ఆట ఆడాడు. రెండోదానికి మంచు పడుతోంది.

టీవీలో వాడు పరుగు మొదలెట్టాడు. ఒటిలీ ఐసు సంచి ఎత్తి పట్టుకుని సిద్ధంగా ఉంది.

"ఎవరే ఆ కుర్రాడు? పాపం, అలా ఉరుకుతున్నాడు!" అంది బెర్నాడిన్.

"మన లెన్ కదే!"

"లెన్ ఎవరు?"

అక్కడ గోడ కూలింది. ఇక్కడ బెర్నాడిన్ కదల్లేదు. క్యాబేజీ రోల్ ఇంకొకటి వేసుకుని తింది. టీవీలో లెన్ మంచులో పడి ఉన్నాడు, లేవలేదు.

భుజం విరిగింది, పక్కటెముకలు విరిగాయి, తల బద్దలవుతోంది. నొప్పి అంటే ఏమిటో ముప్పై ఏళ్ళకి తెలిసింది వాడికి. దుస్తులు మార్చుకునే గదిలో డాక్టరు, "ఓర్చుకో, తగ్గుతుంది," అంటున్నాడు. లెన్ ఏడుస్తున్నది అందుకు కాదు. ఆ దెబ్బ తనకెందుకు తగిలిందో వాడికి అర్థమైంది. ఫోన్ తెప్పించుకున్నాడు.

"హలో, ఎవరండీ?" అంది అక్క.

వాడు వెక్కి వెక్కి ఏడ్చాడు.

"ఏడుస్తున్నారా బాబూ? దెబ్బ తగిలిందా?"

"తగిలింది."

"అయ్యయ్యో! ఏ తల్లి కన్న బిడ్డో! ఆ నొప్పేదో నాకొచ్చినా..."

"వద్దు!" లెన్ అరుపుకి డాక్టరు ఉలిక్కిపడ్డాడు. "ఆ మాట అనకండమ్మా. మీ కాళ్ళు పట్టుకుంటాను, అనకండి!"

"సరేలెండి, అనను," అంది బెర్నాడిన్, కాస్త నొచ్చుకుని.

ఇప్పుడు లెన్ ఆ ఇంట్లోనే మేడమీద గదిలో ఉంటున్నాడు. అద్దెకి వచ్చిన మర్యాదస్తుడని ఆమె నమ్మకం. సెలూన్ ఊడుస్తాడు, వంట చేస్తాడు. తలనొప్పి వచ్చినప్పుడు మాత్రం గబగబా పెరట్లోకి వెళ్ళి, పళ్ళు బిగపట్టుకుని, తగ్గేదాకా అక్కడే నిలబడతాడు. చూస్తే ఆమె జాలిపడుతుందని వాడి భయం.