కలముంగి

సద్ది తిన్నాక చెరుకు చేను నీడలో అరగంట కునుకు తీయడం సత్తవ్వ జట్టుకు అలవాటు. మొత్తం పదకొండు మంది ఆడవాళ్లు. కోటగిరి చుట్టుపక్కల ఎవరి చెరుకు కొట్టాలన్నా ముందు సత్తవ్వకే కబురొస్తుంది. ఆమె మాటంటే మాటే, కత్తి వేటంటే వేటే.

ఆ ఏడు జట్టులో కొత్తగా చేరిన పిల్ల శైలజ. డిగ్రీ చదివింది. పోలీసు ఉద్యోగం కోసం పొద్దున్నే కాలువ గట్టు మీద ఉరికి, అటునుంచి అటే పనికి వచ్చేది. కునుకు తీసి లేచిందంటే కల చెప్పాల్సిందే.

"ఇయ్యాల గూడ నేనే ఫస్టొచ్చిన సత్తక్కా!"

రైతు బాపురావు చేన్లో కోతకు దిగిన నాలుగో రోజు ఆ పిల్ల లేచి ఏమీ చెప్పలేదు. మర్నాడు పరుగుకూ పోలేదు.

"ఎందుకు పోలేదే?" అని సత్తవ్వ అడిగింది.

"పోయి ఏం జెయ్యాలె?" ఆ గొంతులో విసుగు కూడా లేదు.

వారం తిరక్కముందే మరో ఇద్దరు అట్లాగే అయ్యారు. మనుమరాలి తొట్టెల పండుగ గురించి రోజంతా ఊదరగొట్టే ఆమె, పండుగ ఎప్పుడని అడిగితే భుజాలు ఎగరేసింది. వాళ్ల నోట్లోంచి 'రేపు' అన్న మాటే రాలిపోయింది.

సత్తవ్వకు చచ్చిపోయిన అత్త మాటలు గుర్తొచ్చాయి. ఏళ్ల తరబడి చెరుకే పండే చేలల్లో కలముంగి ఉంటుందని అత్త చెప్పేది. ముంగిసంత జీవి. మెలకువగా ఉన్నవాళ్ల కంటికి ఆనదు. పడుకున్నవాళ్ల రొమ్ము మీదికెక్కి, చెవిలో మూతి పెట్టి కలను జుర్రుకుంటుంది. తినేటప్పుడు మాత్రం ఒళ్లు మరిచిపోతుంది, చేతికి దొరికేది అప్పుడే. చంపితే దాని కడుపులోని కలలూ దానితోనే పోతాయి. పసుపు పొగ పెడితే కక్కుతుంది.

"పట్టాలె దాన్ని," అంది తోటికోడలు హన్మవ్వతో.

"కనవడనిదాన్ని ఎట్ల పడుతవక్కా?"

"నేను పండుకుంట. నా కల తిన వస్తది. నువ్వు గోనెసంచి పట్టుకొని పక్కన కూసో."

"నీకు కలలెక్కడియి? పండుకుంటే మొద్దు లెక్క పడుంటవు."

నిజమే. సత్తవ్వ కల కని ఎన్నేళ్లయిందో ఆమెకే తెలియదు. కాసేపు కత్తి నూరుతూ కూర్చుంది. తర్వాత తలెత్తకుండానే అంది.

"నవ్వొద్దు మరి. నాకు ట్రాక్టర్ నడపాలని ఉన్నది. చెరుకు లోడుతోని, బోధన్ బజార్లకెల్లి, హారన్ కొట్టుకుంట."

హన్మవ్వ కడుపు పట్టుకుని నవ్వింది. నవ్వి నవ్వి కళ్లు తుడుచుకుని, "మరి గదే కను," అంది.

రెండు రోజులు సద్ది వేళ సత్తవ్వ బాపురావు ట్రాక్టరెక్కి కూర్చుంది. క్లచ్ ఏది, బ్రేక్ ఏది అని డ్రైవరు పోశన్నను అడిగి తెలుసుకుంది. ఇన్నేళ్లు అణిచిపెట్టిన ముచ్చట, మూత తీసేసరికి పాలలా పొంగింది. మూడో రోజు చెరుకాకు మీద ఇట్లా ఒరిగిందో లేదో కల వచ్చేసింది.

బోధన్ బజారు. వెనుక కొండంత లోడు. జనం తప్పుకుంటున్నారు, ఆమె హారన్ కొడుతోంది. ఉన్నట్టుండి హారన్ మూగబోయింది. ఒక పక్క దుకాణాలు మాయమయ్యాయి. ముందున్న రోడ్డు, అంచులు కొరికిన రొట్టెలా తరిగిపోతోంది. రొమ్ము మీద బరువు, చెవిలో వెచ్చని ఊపిరి. అయినా సత్తవ్వ కాలు బ్రేకు మీదికి పోలేదు. "రోడ్డు తింటవా? తిను. చేన్లకెల్లి పోత," అని స్టీరింగ్ తిప్పింది.

బయట హన్మవ్వకు కనిపించిందల్లా ఒక్కటే. అక్క రొమ్ము మీద పైట, ఏదో కూర్చున్నట్టు, గుంటపడింది. ఆమె సంచిని గుభాలున వేసి మీద పడిపోయింది.

సంచిలో పెనుగులాట. సత్తవ్వ దిగ్గున లేచి మూతి బిగించింది. హన్మవ్వ తన తల్లిగారి ఊరు మోర్తాడ్ నుంచి తెచ్చిన పసుపు కొమ్ములు నిప్పుల మీద వేసి, ఆ ఘాటు పొగను సంచిలోకి ఊదింది. లోపలిది తుమ్మింది. మళ్లీ తుమ్మింది. తుమ్మిన ప్రతిసారీ కాగిన బెల్లం వాసన గుప్పున కొట్టింది, సంచి తేలికైంది. బూరుగు దూదంత తేలికయ్యాక సత్తవ్వ దాన్ని కాలువ అవతలికి మోసుకుపోయి మూతి విప్పింది.

"ఇటు దిక్కు మళ్ల వస్తివా, ఈసారి మిరపకాయల పొగనే!"

గడ్డి ఒక చారలా వంగి లేచింది. అంతే.

తిరిగొచ్చేసరికి శైలజ కళ్లు నలుపుకుంటూ లేచి కూర్చుంది. "రేపటి సంది గంట లేటుగ వస్త సత్తక్కా. ఉరకక శాన దినాలైంది, కాళ్లు పట్టేసినై." పక్కనే మనుమరాలున్న ఆమె, తొట్టెల పండుగకు ఎవరెవరిని పిలవాలో ఏకరువు పెట్టసాగింది.

సత్తవ్వ నేరుగా పోశన్న దగ్గరకు నడిచింది. చెయ్యి చాపింది.

"తాళం చెవి ఇయ్యి."

"నీకెందుకవ్వా?"

"నేర్పుతవా, నేనే నేర్సుకోవాల్నా?"

పోశన్న గట్టు మీదున్న బాపురావు వైపు చూశాడు. ఈ జట్టు పోతే చెరుకు చేన్లోనే ఎండుతుందని బాపురావుకు తెలుసు. తల ఊపాడు. ట్రాక్టర్ రెండుసార్లు ఎగిరి ఆగిపోయింది. మూడోసారి కదిలి, గట్టును రాసుకుంటూ ముందుకు పోయింది. పదిమంది ఆడవాళ్లు కేకలు వేస్తూ వెనకాల ఉరికారు, అందరికన్నా ముందు శైలజ.