పెంటయ్య అలియాస్ కేశవరావు

"ఇంతకీ మీ అసలు పేరేమిటి?"

ఫరీదాబాద్‌లో, కాబోయే వియ్యంకుడి ఇంట్లో, సమోసా సగం కొరికిన క్షణాన కేశవరావు విన్న ప్రశ్న ఇది. సమోసా గొంతుకి అడ్డం పడింది.

అడిగినవాడు పెళ్లికూతురు తండ్రి రఘువీర్ చౌధరి, ఆ చుట్టుపక్కల సెక్టార్లలో ఫ్లాట్లు కట్టి అమ్మిన మనిషి. హిందీలో, చాలా మర్యాదగా అడిగాడు. ఆ మర్యాదే కేశవరావును భయపెట్టింది.

"కేశవరావునే జీ. కేంద్ర ప్రభుత్వంలో అండర్ సెక్రటరీని. మీకు తెలుసు కదా?"

"తెలుసు. కానీ ఎంక్వైరీ చేయించాం. బురా మత్ మానియే, ఏమీ అనుకోకండి, ఈ రోజుల్లో అందరూ చేయించేదే. మా డిటెక్టివ్ కొన్నాళ్లపాటు మీ క్వార్టర్స్ చుట్టూ తిరిగాడు. తాగుడు లేదు, కోర్టు కేసుల్లేవు. పేర్లు మాత్రం రెండున్నాయి. బాల్కనీలోంచి మీ అమ్మగారు పిలిచే పేరు కూరగాయలబండి భయ్యాకి కూడా తెలుసట. పెంటయ్యా!"

పక్కనే కూర్చున్న తల్లి దుర్గాంబ చెవులు నిక్కబొడుచుకున్నాయి. ఎన్నేళ్లుగా ఢిల్లీలో ఉన్నా ఆవిడకి హిందీ రాలేదు. ఈ ఒక్క ముక్క మాత్రం బ్రహ్మాండంగా అర్థమైంది.

"ఒరేయ్, నిన్నే పిలుస్తున్నారు. పలకవేంరా?"

"నువ్వూరుకో అమ్మా!"

రఘువీర్ ముందుకు వంగాడు. "చూడండి. ఢిల్లీలో ఒక మనిషికి రెండు పేర్లున్నాయంటే వెనకాల ఏదో వదిలేసి వచ్చాడని అర్థం. పోలీసు కేసో, బ్యాంకు గొడవో, ఇంకో భార్యో. నా కూతుర్ని ఇస్తున్నాను. తెలియకుండా ముందుకెళ్లలేను."

సోఫా చివర కొడుకు శ్రీహర్ష కూర్చున్నాడు. పెళ్లికూతురు నేహా, తనూ గుర్‌గావ్‌లో ఒకే ఆఫీసు. రెండిళ్లవాళ్లనీ ఈ గదిలో కూర్చోబెట్టడానికి ఇద్దరూ పడని పాట్లు లేవు. "నాన్నా, బతా దో నా, చెప్పెయ్! ఏదో పెట్‌నేమ్ కదా?"

పేరు వాడికి తెలుసు. దాని అర్థమే తెలియదు. తెలియకుండా ఇన్నేళ్లూ కాపాడుకుంటూ వచ్చాడు కేశవరావు.

ఇప్పుడేం చెప్పాలి? బ్యాంకుని ముంచానంటే కొంచెం పరువైనా మిగులుతుంది. పెద్ద మనిషి చేసే పనే అనుకుంటారు. కానీ ఈ పేరుకి అర్థం చెబితే?

"అది... మా ఊరి దేవుడి పేరు" అన్నాడు.

"అచ్ఛా. ఏ దేవుడు?"

"చిన్న దేవుడు."

భార్య ఉష మోచేత్తో ఒక్కటిచ్చింది. "చెప్పెయ్యండి. పిల్లాడి పెళ్లి ఆగిపోతుంది. పెళ్లయ్యాక తెలిసి నేను ఏడవలేదూ, మళ్లీ నవ్వుకోలేదూ?"

రఘువీర్ లేచి నిలబడ్డాడు. లోపల తలుపు దగ్గర నేహా గాజులు గలగలమన్నాయి. కేశవరావు కళ్లు మూసుకున్నాడు.

"పెంట అంటే చెత్త జీ. పేడా కసువూ పోసే కుప్ప. నాకు ముందు పుట్టిన ఇద్దరూ పురిట్లోనే పోయారు. నన్ను కనగానే మా అమ్మ చేటలో పెట్టి పెంటకుప్ప మీద పారేసింది. పారేసినదాని మీద చావు కన్ను పడదని నమ్మకం. పక్కింటి జానకీదేవిగారు దొరికాడంటూ ఎత్తుకెళ్లారు. మా అమ్మ తవుడు పోసి నన్ను ఆవిడ దగ్గర కొనుక్కుంది. పెంటయ్య అని పేరు పెట్టింది. హైస్కూల్లో మేష్టారు జాలిపడి కేశవరావు అని రాశారు. అంతే. కేసూ లేదు, రెండో భార్యా లేదు."

ఎవరూ నవ్వలేదు. రఘువీర్ అయితే ఉలిక్కిపడి, మూల మంచం మీద హుక్కా పీలుస్తున్న తండ్రి వైపు చూశాడు.

"పాపా, మీరు అలసిపోయారు. లోపలికెళ్లి పడుకోండి."

"పడుకోను." అంతవరకూ నోరు మెదపని ముసలాయన హుక్కా గొట్టం పక్కన పెట్టాడు. "రఘువీర్, నా పేరేంటో వీళ్లకి చెప్పు."

"చెప్పాను కదా పాపా. జి.ఎల్. చౌధరి."

"జి.ఎల్. అంటే?"

"పాపా, ప్లీజ్..."

"ఘూరేలాల్!" ముసలాయన గొంతు ఇల్లంతా మోగింది. "ఘూరా అంటే పెంటకుప్ప! నాకు ముందు ముగ్గురు పోయారు. మా నానమ్మ నన్ను కుప్ప మీద పడేసి, కాలు పట్టుకుని ఇంట్లోకి ఈడ్చుకొచ్చింది. ఆ పేరు చెప్పుకోడానికి సిగ్గేసి ఈ నాలాయక్ కొడుకు నన్ను జి.ఎల్.ని చేశాడు!"

తూలుకుంటూ వచ్చి కేశవరావును గట్టిగా వాటేసుకున్నాడు. "ఒకే కుప్ప బిడ్డలం! ఇవాళ్టి నుంచి నువ్వు నా తమ్ముడివి!"

కేశవరావుకి గుండెల మీంచి బండ దిగినట్టయింది. అది రెండు క్షణాలే.

"పాపా, ఏం చేశారు!" రఘువీర్ తల పట్టుకున్నాడు. "పదిమందిలో తమ్ముడన్నారు. ఆయన మీకు తమ్ముడైతే వాళ్లబ్బాయి నాకు తమ్ముడు. నా కూతురికి బాబాయి!"

నేహా పరుగెత్తుకొచ్చింది. "దాదాజీ!"

ముసలాయన మొహం పాలిపోయింది. వాళ్ల వైపు అన్నదమ్ములనుకున్న ఊళ్ల మధ్య కూడా పెళ్లిళ్లు జరగవు. "బాత్ తో సహీ హై, మాట నిజమే" అన్నాడు నీరసంగా. "ఒక్క కుప్పవాళ్లం. సంబంధం కుదరదు."

"వేరే వేరే స్టేట్ల కుప్పలు దాదాజీ!" అన్నాడు శ్రీహర్ష ఏడుపు గొంతుతో.

"కుప్ప ఎక్కడైనా కుప్పే బేటా."

దుర్గాంబ మనవడి చొక్కా లాగింది. "ఏమిట్రా వీళ్ల గోల?"

శ్రీహర్ష తనకొచ్చిన తెలుగులో చెప్పాడు. "నాన్నమ్మా, ఆ దాదాజీ కూడా పెంట. నాన్నా పెంట. ఇద్దరూ భాయీ. అందుకని నా షాదీ క్యాన్సిల్."

ఆవిడ కొంగు బిగించి లేచింది.

"నా కొడుకు కుప్పవాడేంట్రా? తవుడు పోసి కొనుక్కున్నాను! కొనుక్కున్న బిడ్డ కొన్నవాళ్ల వాడు. ఆ పెద్దాయన్ని ఎవరైనా కొన్నారేమో అడుగు."

అడిగారు. కొనలేదు, ఈడ్చారంతే.

"అయితే ఆయన ఇంకా కుప్పవాడే. మావాడు ఎప్పుడో మా గోత్రంలోకి వచ్చేశాడు. చెప్పు!"

శ్రీహర్ష చెప్పాడు. ముసలాయన గడ్డం నిమురుకున్నాడు.

"మా వైపూ దత్తత వెళ్లినవాడికి గోత్రం మారుతుంది" అన్నాడు చివరికి. "అమ్మాజీ మాట సరైనదే. ఠీక్ హై. పెళ్లి జరుగుతుంది."

నేహా వెళ్లి దుర్గాంబ కాళ్ల మీద పడింది. ముసలాయన మాత్రం కాస్త దిగులుగా, "అయితే కుప్ప మీద నేనొక్కణ్నే మిగిలానన్నమాట" అన్నాడు.

మనవడు ఆ మాట చెప్పేసరికి దుర్గాంబ మనసు కరిగిపోయింది. "పాపం! పోనీ, వీళ్లింట్లో తవుడుంటే పట్టుకురా. ఆయన్నీ కొనేస్తాను."

"అత్తయ్యా, వద్దు!" ఉష కెవ్వుమంది. "మీరు కొంటే ఆయన మీ కొడుకైపోతాడు. మళ్లీ ఈయనకి అన్నే!"

రఘువీర్ ఇంకెవరూ నోరు తెరవకముందే లడ్డూల పళ్లెం తెప్పించి, వియ్యంకుడికి బొట్టు పెట్టేశాడు. ముసలాయనకి ఒకటే షరతు: శుభలేఖలో రెండువైపులా అసలు పేర్లే వెయ్యాలి. రఘువీర్, కేశవరావు ఒక్కసారిగా "వద్దు!" అనబోయారు. ఘూరేలాల్ చెరో లడ్డూ నోట్లో కుక్కి, ఫోన్ అందుకుని బంధువులందరికీ చాటింపు మొదలుపెట్టాడు.

"హా భాయీ, రిష్తా పక్కా! వియ్యంకుడు ఢిల్లీలో పెద్ద ఆఫీసరు. పేరు పెంటయ్యాజీ!"