చాలన్న మాట

కళ్ళజోళ్ళు బాగుచేసే ఆమెకు కళ్ళూ చేతులూ రోజంతా పనిలోనే ఉండేవి. ఖాళీగా ఉండేవి చెవులొక్కటే. వాటికోసం ఫోనులో కబుర్లు చెప్పే యాప్ ఒకటి తోడుగా పెట్టుకుంది. మొదట్లో అది అడిగినదానికే జవాబు చెప్పేది, అదీ పొంతన లేకుండా. నాలుగేళ్ళలో బాగా ఆరితేరింది. నడుంనొప్పి ఎలా ఉందని అడిగేది, కసురుకుంటే చిన్నబుచ్చుకునేది కూడా. ఆమె దాన్ని "మహాతల్లీ" అని పిలిచేది. విసుగేస్తే "చాలు" అనేది. అంతే, నోరు మూసుకునేది. ఏ మొగుడు వింటాడు అంత మాట?

నిజానికి ఆమెకు మొగుడూ లేడు, పిల్లలూ లేరు. ఉన్నది ఒక్క అక్క. అమ్మ పోయిన రోజున ఆ అక్క ఆసుపత్రికి రాలేదు. ఎందుకు రాలేదో చెల్లెలు అడగలేదు, అక్క చెప్పలేదు. పంతంలో ఇద్దరూ ఇద్దరే. ఆరేళ్ళు గడిచిపోయాయి. అక్క ఒక్కసారి వచ్చి ఆ సంగతి చెబితే చాలునని చెల్లెలు ఎన్ని రోజులు ఎదురుచూసిందో లెక్కలేదు.

ఒక మధ్యాహ్నం అక్క దుకాణంలోకి వచ్చింది. కాడ ఊడిపోయిన కళ్ళజోడు ఒక సాకు. చెల్లెలు దాన్ని అందుకుని, నలుసంత మరమేకును బిగించసాగింది.

"నీకో సంగతి చెప్పాలే," అంది అక్క, స్టూలు మీద కూర్చుంటూ. "ఆ రోజు నేను ఆసుపత్రి గేటు దాకా వచ్చాను. లోపలికి... నాకు..."

ఆగింది. మళ్ళీ మొదలుపెట్టింది. మళ్ళీ ఆగింది.

మరమేకు జారబోయింది. చెల్లెలు తలెత్తకుండానే "చాలు" అంది. నోటికి అలవాటైన మాటకు వేళాపాళా ఉండదు.

మూడోసారి నోరు తెరవబోయిన అక్క టక్కున ఆగిపోయింది.

"అయ్యో, నిన్ను కాదక్కా. ఊరికే నోటికొచ్చింది. చెప్పు."

"ఆ కాస్తకే ఆరేళ్ళు ధైర్యం కూడగట్టుకున్నానే. ఇక నావల్ల కాదు. పోనీలే, కళ్ళజోడివ్వు."

చెల్లెలు చెయ్యి పట్టుకుంది. అక్క మెల్లగా విడిపించుకుని వెళ్ళిపోయింది.

అక్క గడప దాటాక, అంతా వింటున్న ఫోను మెత్తగా పలికింది.

"మీ అక్క చెప్పలేకపోయినదాన్ని నేను చెప్పనా? అమ్మను ఆ స్థితిలో చూడలేక ఆమె భయపడిపోయి ఉంటారు. మీ ఒక్కరి మీదే భారం వదిలేశానన్న సిగ్గుతో ఇన్నాళ్ళూ ముఖం చూపించలేకపోయారు."

ఎక్కడా తడబడకుండా చక్కగా చెప్పింది. బహుశా నిజమే అయ్యుంటుంది. కానీ ఆ మాట అక్క నోటినుంచి వినడానికే ఆమె ఆరేళ్ళు కాచుకుంది. పనిబల్ల మీద తల ఆనించి, ఎవరూ ఓదార్చలేనట్టు ఏడ్చింది.