నీళ్ళలో ఊరిన తొక్కు

హనుమమ్మ పెట్టే తొక్కు పచ్చడి అంటే చిక్కడపల్లి నుంచి నారాయణగూడ దాకా పేరే. ఆ జాడీలో ఆమె చెయ్యి తప్ప ఇంకో చెయ్యి పడకూడదు. కోడలు కమల కాపురానికొచ్చి ఏళ్ళు గడిచినా మూత తీసే భాగ్యం దక్కలేదు. ఎప్పుడు చూసినా తడిచేతులే, తొక్కుకు బూజు పట్టిస్తుందని అత్తగారి గట్టి నమ్మకం. చెప్పి చూడండి, వింటుందా?

అలాంటి మనిషికి ఆ ఏడు పచ్చకామెర్లు వచ్చాయి. తగ్గాయి గానీ, నూనె, కారం ముట్టొద్దని డాక్టరు ఖరాఖండిగా చెప్పాడు. తొక్కు లేనిదే ఆమెకు ముద్ద దిగదు. పెరుగన్నం కాస్త కెలికి కంచం తోసేసేది. చిక్కి సగమైంది. ఇక తనకు తిండి రుణం తీరిపోయిందేమోనని లోలోపల భయం పట్టుకుంది.

కమల ఊరుకోలేదు. అశోక్‌నగర్‌లో కీరకాయలు, సోంపు వాసనొచ్చే సోయకూర కొని తెచ్చి, కాయలను చక్రాలుగా తరిగి, ఏదో కాచి పోసి, సీసా ఫ్రిజ్‌లో పెట్టింది. నూనె, కారం లేని తొక్కు, ఊరాక పెడతానంది.

నాలుగు రోజులయ్యాక, కోడలు ఆఫీసుకెళ్ళగానే హనుమమ్మ సీసా తీసి చూసింది. మెడదాకా నీళ్ళు! తొక్కులో నీళ్ళేమిటి, ఖర్మ కాకపోతే! పాపం, ఆశగా చేసింది పిచ్చిది, ముక్కలైనా దక్కిద్దామని నీళ్ళన్నీ పారబోసి, డాబా మీద పాతచీర పరిచి ఎండకు ఆరేసింది. వాసన పట్టిందేమో చూద్దామని ఒక ముక్క నోట్లో వేసుకుంది.

కరకరలాడింది. అన్నిరోజులు నీళ్ళలో నానిన ముక్క! ముందు తీపి, వెనకే పులుపు, ఆపైన సోయకూర ఘాటు. నోరంతా ఊరింది. పోయిందనుకున్న రుచి తిరిగొచ్చేసరికి ఆమెకు కళ్ళు చెమర్చాయి. ఇంకొకటి తింది. ఆ పైన లెక్కే లేదు.

సాయంత్రం కమల ఇంటికొచ్చేసరికి చీర మీద మూడు ముక్కలు మిగిలాయి.

"నీళ్ళున్నయని పారబోసిన," అంది హనుమమ్మ తలవంచుకుని.

కమల కోప్పడలేదు. "నీళ్ళు గావు అత్తమ్మా. సిర్కా, గదే వెనిగర్ల చక్కెరేసి కాచి పోసిన. అది పాడుగాకుంట కాపాడేదే గది."

హనుమమ్మ విస్తుపోయింది. జన్మంతా ఏ తడిని చూసి భయపడిందో, ఆ తడే ఇక్కడ కాపు కాసింది. ఇన్నేళ్ళ తన చేతికి తెలియని సంగతి ఈ పిల్ల చేతికి తెలిసింది.

కమల వెంటనే మళ్ళీ కీరకాయలు కడగడం మొదలుపెట్టింది. హనుమమ్మ పీట వేసుకుని పక్కనే కూర్చుంది.

"ఈ ఎండాకాలం మామిడికాయ తొక్కు నువ్వే కలుపు," అంది.

కమల నమ్మలేనట్టు చూసి, గబగబా చేతులు కొంగుకు తుడుచుకోబోయింది. హనుమమ్మ ఆ తడిచేతినే పట్టుకుంది.